మాటలేని తెరపై మారువేషము

వానలు వెనుకబట్టిన యేట విరాటపర్వమును చదివించినచో వర్షము కురియునని తెలుగు పల్లెలలో ఒక నమ్మకము కలదు. రామాలయపు అరుగుమీద పండితుడు పద్యము చదివి అర్థము చెప్పుచుండగా ఊరివారెల్లరు చుట్టును కూర్చుండి వినెడివారు. వర్షము మాట యెట్లున్నను, ఆ కథను ఎన్నిమారులు వినినను జనులకు విసుగు కలుగకుండుటకు వేరొక కారణము కలదు. అది మారువేషముల కథ. ఎవరు ఎవరో వినువారికి తెలియును, కథలోనివారికి తెలియదు. ఆ తేడాయే ఆ కథకు ప్రాణము.

ఆంధ్ర మహాభారత రచన 11వ శతాబ్దమున రాజమహేంద్రవరములో, రాజరాజనరేంద్రుని ఆస్థానమున నన్నయభట్టు చేతిమీదుగా ఆరంభమైనది. 13వ శతాబ్దమున తిక్కన సోమయాజి విరాటపర్వముతో తన రచనను మొదలుపెట్టెను. ఆ పర్వములోని కీచకవధ కథ తరువాతి కాలమున రాజమహేంద్రవరపు నాటకశాలకు ఎక్కినది. అటుపిమ్మట దక్షిణ భారతమున తొలి మూగ కథాచిత్రమునకు వస్తువైనది. మాటలతో నిండిన ఈ కథను మాటయే లేని తెరమీద ఎట్లు చూపగలిగిరి? ఈ ప్రశ్నకు సమాధానము తెలిసికొందము.

మొదట కథను జ్ఞప్తికి తెచ్చుకొనుడు. జూదమున ఓడిన పాండవులు పండ్రెండేండ్లు అరణ్యవాసమును, ఒక యేడు అజ్ఞాతవాసమును చేయవలెను. ఆ కడపటి యేట ఎవరైనను వారిని గుర్తించినచో మరల పండ్రెండేండ్లు అడవులపాలు కావలసినదే. అందుచే వారు విరాటరాజు కొలువున వేషములు మార్చుకొని చేరిరి. ధర్మరాజు కంకుభట్టు, భీముడు వలలుడను వంటవాడు, అర్జునుడు నాట్యము నేర్పు బృహన్నల, నకులుడు గుఱ్ఱములను, సహదేవుడు ఆవులను కాచువారు. ద్రౌపది మాలిని యను పేర రాణి సుధేష్ణకు సైరంధ్రి యయ్యెను. రాణి తమ్ముడును సేనాపతియు నైన కీచకుడు ఆమెను దాసీయని తలచి బాధింపసాగెను. రాజసభలోనే ఆమెకు అవమానము జరిగినను భర్తలు పెదవి కదపలేని స్థితిలో ఉండిరి. తుదకు ద్రౌపది భీమునితో ఆలోచించి, కీచకుని రాత్రివేళ నర్తనశాలకు రమ్మనెను. చీకటిలో సైరంధ్రి యున్నదనుకొని కీచకుడు వచ్చి చేయి వేసెను. అచట ఉన్నవాడు భీముడు!

ఇట్టి కథలో మూడు పక్షములు ఉండునని గమనింపుడు. వేషము ధరించినవాడు ఒకడు. ఆ వేషమును నమ్మి మోసపోవువాడు రెండవవాడు. ఇద్దరినీ చూచుచు నిజము నెరిగిన ప్రేక్షకుడు మూడవవాడు. ఈ మూడవవానికి నిజము తెలియకపోయినచో కథలో ఉత్కంఠ యుండదు. రెండవవానికి నిజము తెలిసిపోయినచో కథయే యుండదు. కావున నాటకకర్త చేయవలసిన పని కత్తిమీది సాము వంటిది. వేషము ప్రేక్షకునికి పలుచగాను, పాత్రకు దట్టముగాను కనబడవలెను.

ఈ విద్య మన గోదావరి మండలమునకు క్రొత్తది కాదు. పంటలు ఇంటికి చేరిన దినములలో పగటివేషగాండ్రు ఊరూర తిరిగెడివారు. రాత్రి దీపముల వెలుగునగాక పట్టపగలు నడివీధిలో, చూపరుల మోచేతి దూరమున నిలిచి మెప్పించుటచే వారికి ఆ పేరు వచ్చినది. ఒక్క మనిషియే శరీరమున సగము శివునిగను సగము పార్వతిగను అలంకరించుకొని, నడుమ తెరగుడ్డను పట్టుకొని, ఈ ప్రక్క చూపినపుడు తాండవమును, ఆ ప్రక్క చూపినపుడు లాస్యమును ఆడు అర్ధనారీశ్వర వేషము వారి విద్యలలో ప్రసిద్ధమైనది.

రాజమహేంద్రవరమున ఆధునిక నాటక ప్రదర్శనమునకు మార్గము వేసినవారు కందుకూరి వీరేశలింగము పంతులుగారు. 1880 ప్రాంతమున వారు తమ విద్యార్థులచే నాటకములను ఆడించిరి. వారు రచించిన చమత్కార రత్నావళి ఆంగ్ల మహాకవి షేక్స్పియరు నాటకమునకు అనుసరణము. ఆ మూల నాటకమున ఒకే పోలికగల కవల యజమానులు ఇద్దరు, ఒకే పోలికగల కవల సేవకులు ఇద్దరు కలరు. ఒకరిని చూచి మరియొకరనుకొనుటచే భార్య భర్తను గుర్తింపలేకపోవును. వర్తకుడు నగ నొకనికిచ్చి సొమ్ము వేరొకని నడుగును. షేక్స్పియరుకును ఈ కథకు ఆధారము క్రీస్తుకు పూర్వపు రోమను కవి ప్లాటస్ వ్రాసిన నాటకము. రోమునగరమున పుట్టిన నవ్వు లండను మీదుగా గోదావరి గట్టునకు వచ్చి చేరినదన్నమాట.

అటుపిమ్మట 1889లో చిలకమర్తి లక్ష్మీనరసింహము పంతులుగారు కీచకవధ నాటకమును రచించిరి. అది వారి తొలి నాటకము. వారికి బాల్యమునుండియు రేచీకటి యుండెడిది. రాత్రివేళ చూపానని కవి, చీకటి నర్తనశాలలో జరుగు కథను తన మొదటి నాటకమునకు ఎన్నుకొనుట గమనింపదగిన విషయము. ఆ కాలపు రంగస్థలముపై స్త్రీపాత్రలను పురుషులే ధరించెడివారు. కావున సైరంధ్రిని చూచిన ప్రేక్షకునికి రెండు వేషములు కనబడెడివి. పురుషుడు ద్రౌపది యగుట ఒకటి. ఆ ద్రౌపది సైరంధ్రి యగుట రెండవది. రాజమహేంద్రవరమున చదువుకొను దినములలో స్త్రీపాత్రలు ధరించి మెప్పుపొందిన యువకులలో, తరువాత 1953లో ఆంధ్రరాష్ట్రమునకు తొలి ముఖ్యమంత్రియైన టంగుటూరి ప్రకాశము పంతులుగారు ఒకరు.

నాటకమునకు వాక్కు ప్రధానము. కాని 1913లో దాదాసాహెబ్ ఫాల్కే రాజా హరిశ్చంద్ర చిత్రమును ప్రదర్శించినపుడు మన దేశపు కథాచిత్రము వాక్కులేకయే జన్మించినది. అందు తారామతి పాత్రను ధరించినవాడు సాలుంకే యను యువకుడు. 1917లో వచ్చిన లంకాదహనమున ఆతడే శ్రీరాముడుగను, ఆతడే సీతగను నటించెను. భారతీయ చలనచిత్రములలో ఒకే నటుడు రెండు పాత్రలు ధరించుట అదియే మొదలు.

ఫాల్కే చిత్రములు చూచి ఉత్సాహపడినవారిలో మద్రాసు నగరమున మోటారు విడిభాగముల వ్యాపారము చేయుచుండిన ఆర్. నటరాజ మొదలియారు ఒకరు. ఆయన పూనా నగరమునకు పోయి స్టీవర్ట్ స్మిత్ అను ఆంగ్లేయ ఛాయాగ్రాహకునియొద్ద కెమెరాను తిప్పుట నేర్చుకొనెను. మద్రాసునకు మరలివచ్చి, ఇండియా ఫిల్మ్ కంపెనీని స్థాపించి, 1917-18 ప్రాంతమున కీచకవధమును నిర్మించెను. దక్షిణ భారతమున తయారైన మొదటి మూగ కథాచిత్రము ఇదియే. ఆనాడు గోదావరి మండలము మద్రాసు రాజధానిలోని భాగము.

ఇక మన ప్రశ్నకు వత్తము. మాట లేకుండ మారువేషమును చూపుటలో మూగచిత్రములు తీయువారికి మూడు చిక్కులు ఎదురగుచుండెను.

మొదటిది గుర్తింపు. రంగస్థలముపై భీముడు వలలుని వేషమున వచ్చినను, ఒక్కమాట తనలో తాననుకొనినట్లు పలికినచో ప్రేక్షకునికి నిజము తెలియును. మూగచిత్రమున ఆ సౌకర్యము లేదు. అందుచే వేషము మార్చుకొనుటనే మొదట చూపవలెను. రాజు కిరీటమును తీసి గరిటె పట్టుట ఒకమారు కన్నులార చూచినవాడు తరువాత పొరబడడు. వేషము మారినను మారని గురుతు నొకదానిని, నడకయో, చూపో, నిలుచు తీరో, నటుడు కడవరకు నిలుపుకొనవలెను.

రెండవది చీకటి. నర్తనశాలలో చీకటి లేనిచో కీచకుడు మోసపోడు. కాని చీకటి యున్నచో కెమెరాకు ఏమియు కనబడదు. ఆనాటి ఫిలిముకు మిక్కిలి వెలుతురు కావలెను. కావున మూగచిత్రములను పెక్కింటిని ఆరుబయటనో, పైన పలుచని తెల్లగుడ్డ కట్టిన ఆవరణలోనో సూర్యకాంతిలోనే తీసెడివారు. రాత్రి యని తెలుపుటకు లోకమంతటను వాడిన ఉపాయము ఒకటి కలదు. ఆ భాగపు ఫిలిముకు నీలిరంగు అద్దెడివారు. తెర నీలముగా మారగానే చూపరులు రాత్రి యైనదని గ్రహించెడివారు. ప్రేక్షకులకు కనబడుచున్నను పాత్రకు కనబడుటలేదని నమ్మించుట మాత్రము నటుని వంతు. తడుముకొనుచు నడచుట, చేయి చాచుట, ఉలికిపడుట వంటి చేష్టలతోనే చీకటి పుట్టవలెను.

మూడవది కథాసంబంధము. ఎవరు ఎవరికి ఏమగుదురో, ఎందుకు దాగిరో చేష్టలతో తెలుపుట కష్టము. దీనికై నడుమ నడుమ అక్షరములు వ్రాసిన పలకలను చూపెడివారు. పలుభాషల జనులు చూచు చిత్రమగుటచే ఒకే మాటను రెండు మూడు భాషలలో వ్రాయించెడివారు. కాని చదువు వచ్చినవారు ఆనాడు కొద్దిమందియే. అందుచే పెక్కుచోట్ల తెర ప్రక్కన ఒక వ్యాఖ్యాత నిలిచి, కథను బిగ్గరగా చెప్పుచుండెడివాడు. హార్మోనియము, తబల మ్రోగుచుండెడివి. మూగచిత్రమని పేరేగాని, ఆ డేరాలలో నిశ్శబ్దము ఎన్నడును లేదు. అరుగుమీద విరాటపర్వమునకు అర్థము చెప్పిన పండితుని స్థానమునకే వ్యాఖ్యాత వచ్చినాడని చెప్పవచ్చును.

ఈ చిక్కులకు తోడు మూగచిత్రమునకు ఒక మేలును కలదు. కంఠస్వరము వేషమునకు శత్రువు. ఎంత చక్కగా అలంకరించుకొనినను నోరు తెరచినంతనే గుట్టు బయటపడును. భీమునివంటి వాడు చీర ముసుగున కూర్చుండి మాటాడినచో కీచకుడు వెంటనే పారిపోవును గదా! మాటలేని తెరపై ఆ భయము లేదు. మోసము కంటితోనే నడచును; స్పర్శతోనే తెగును. బహుశః అందుచేతనే వేషములు మార్చు కథలు లోకమంతటను మూగచిత్రములకు ఇష్టమైన వస్తువు లైనవి.

తెలుగువారును ఈ కొత్త విద్యలో వెనుకబడలేదు. మచిలీపట్నమునకు చెందిన రఘుపతి వెంకయ్యగారు మద్రాసులో సినిమా మందిరములను నెలకొల్పి, తన కుమారుడు ప్రకాశును విదేశములకు పంపి విద్య నేర్పించిరి. ప్రకాశు దర్శకత్వమున 1921 ప్రాంతమున భీష్మప్రతిజ్ఞ వెలువడినది. ఆ చిత్రమున గంగాదేవి పాత్రను పెగ్గీ కాస్టెల్లో అను ఆంగ్లేయ వనిత ధరించెను. మాట అక్కరలేదు గనుక భాష తెలియని పరదేశ వనితయు మన గంగాదేవి కాగలిగెను. గోదావరి మండలమున ఈ విద్యను నాటినవారు కాకినాడకు చెందిన చిత్తజల్లు పుల్లయ్యగారు. వారు 1920ల నడుమ కాకినాడలోనే మార్కండేయ యను మూగచిత్రమును తీసిరి. మాటలు వచ్చిన తరువాత 1934లో లవకుశ చిత్రమునకు దర్శకత్వము వహించిరి. అదియును గుర్తింపు కథయే. తండ్రి యని తెలియక బిడ్డలు, బిడ్డలని తెలియక తండ్రి ఎదురెదురుగ నిలిచిన కథను జనులు కంట తడిపెట్టి చూచిరి.

మాటలేని తెరపై పొరపాటు గుర్తింపు ఎంత ఎత్తునకు పోగలదో తెలియుటకు అమెరికాలో చార్లీ చాప్లిన్ 1931లో వెలువరించిన సిటీ లైట్స్ చిత్రము చక్కని యుదాహరణము. అప్పటికే లోకమున మాటాడు చిత్రములు వచ్చియుండెను. ఐనను చాప్లిన్ సంభాషణలు లేకయే దానిని నిర్మించెను. వీధిలో పూలమ్ము ఒక గ్రుడ్డి బాలికయొద్దకు ఇల్లు వాకిలి లేని దేశదిమ్మరి వచ్చును. అదే సమయమున దాపున మోటారు తలుపు మూసిన చప్పుడు ఆమె చెవిని పడును. ఆ కారులోని శ్రీమంతుడే తనయొద్ద నిలిచియున్నాడని ఆమె అనుకొనును. అతడు ఆ భ్రమను చెరుపడు. ఎన్నో పాట్లుపడి ఆమె కన్నుల చికిత్సకు ధనము సమకూర్చి, ఆ ధనము కారణముగనే దొంగయని చెరసాల పాలగును. కొన్నాళ్లకు విడుదలై, చినిగిన గుడ్డలతో వీధిని పోవుచుండగా, చూపు వచ్చిన ఆ బాలిక అతనిని చూచి మొదట నవ్వుకొనును. పిమ్మట జాలిపడి ఒక పువ్వును, ఒక నాణెమును ఇయ్యబోవును. అతని చేయి తగిలినంతనే, కన్నులు గుర్తింపలేని మనిషిని వ్రేళ్లు గుర్తించును.

కీచకుని కథను ఈ కథతో పోల్చి చూడుడు. రెండింటను చూపు మోసపోయినది. రెండింటను స్పర్శయే నిజము చెప్పినది. కాని ఒకచోట వేషము దుష్టుని శిక్షించుటకు పనికివచ్చెను. మరియొకచోట పేదవాని మంచితనమును దాచెను. వేషము స్వయముగా మంచిదియు కాదు, చెడ్డదియు కాదు. దాని వెనుకనున్న హృదయమే దానికి విలువ నిచ్చును.

నటరాజ మొదలియారు కీచకవధము నేడు చూచుటకు దొరకదు. ఒక్క ప్రతియు మిగులలేదు. ఆ కాలపు ఫిలిము నైట్రేటుతో చేయబడినది. అది తేలికగా నిప్పంటుకొనును, వేడికిని తేమకును జిగురై పొడియై పోవును. మాటాడు చిత్రములు వచ్చిన తరువాత పాతవానిని దాచువారు లేకపోయిరి. ఫిలిమునందలి వెండికై కరగించినవారును కలరు. మన దేశమున సుమారు 1300 మూగచిత్రములు తయారైనట్లు చెప్పుదురు. వానిలో మిగిలినవి కొద్ది మాత్రమే, అందును పెక్కు తునకలే. పాత చిత్రములను భద్రపరచుటకు పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము 1964లో స్థాపింపబడునప్పటికే ఎక్కువ భాగము నశించినది. తాళపత్రములమీది తిక్కన పద్యములు ఏడువందల యేండ్లు దాటి మనకు దక్కినవి. యంత్రముతో తీసిన చిత్రము నూరేండ్లయినను నిలువలేదు. తాళపత్రము శిథిలమైనపుడెల్ల ఎవరో ఒకరు కూర్చుండి మరల వ్రాసిరి. ఫిలిముకు ఆ శ్రద్ధ దొరకలేదు. ఏ వస్తువైనను గట్టిదనముచేత గాక, కాపాడు చేతులచేత నిలుచునని దీనివలన తెలియుచున్నది.

కథ మాత్రము నశింపలేదు. 1963లో కమలాకర కామేశ్వరరావుగారి దర్శకత్వమున నర్తనశాల వెలువడినది. అందు కీచకుడైన ఎస్.వి. రంగారావుగారు కాకినాడ నాటకరంగమున ఆరితేరినవారు. ఆ పాత్రకు 1964లో జకార్తా నగరపు ఆఫ్రో-ఆసియా చిత్రోత్సవమున ఉత్తమ నటుడుగ బహుమతి పొందిరి. ఆ చిత్రమును చూచునపుడు కీచకుడు నర్తనశాలలో అడుగుపెట్టిన ఘట్టమును శ్రద్ధగా గమనింపుడు. సంభాషణలు ఆపి చూచినను ఆ ఘట్టము మీకు అర్థమగునేమో పరీక్షించుకొనుడు. అర్థమైనచో, అది మూగచిత్రముల నాటి విద్య యని తెలిసికొనుడు.

విరాటపర్వమున మరియొక ఘట్టము కలదు. ఉత్తరగోగ్రహణమున కౌరవులను జయించినది తన కుమారుడే యని విరాటరాజు పొంగిపోవుచుండగా, బృహన్నల తోడుండగా జయము కలుగుటలో వింత యేమని కంకుభట్టు పలికెను. రాజు కోపించి చేతిలోని పాచికతో అతని ముఖముపై కొట్టెను. రక్తము నేల పడకుండ సైరంధ్రి పాత్రను పట్టెను. తాను కొట్టినది ధర్మరాజునని రాజునకు అప్పుడు తెలియలేదు. తెలిసినపుడు సిగ్గుతో తలవంచుకొనెను. కంకుభట్టు నిజముగ కంకుభట్టే యైనచో ఆ దెబ్బ న్యాయమైనది కాగలదా? ఆలోచింపుడు. ఎదుటివాడు మారువేషమున నున్న మహారాజు కావచ్చునని గౌరవించుట లౌక్యము. వాడు నిజముగ పేదవాడే యైనను గౌరవించుట సంస్కారము. మారువేషముల కథలను మన పెద్దలు ఇన్ని తరములుగా చెప్పుకొనుటకు, నాటకమున ఆడుటకు, మాటలేని తెరమీదను చూపుటకు గల ప్రయోజనము ఇదియే.